ఉమ్మడి ఇంట్లో పండగలు, తద్దినాల పని మీ ఇళ్లల్లో ఎవరెవరు చేస్తున్నారు?

బెజవాడ కోడలు అడుగుతున్నారు:

మా ఇంట్లో నాలుగు తరాలం కలిసి ఉంటాం. మామయ్యగారి అమ్మగారు (అందరం మామ్మగారు అంటాం), అత్తయ్య, మామయ్య, మేమిద్దరం, మా పిల్లలిద్దరు. మా మరిది, తోడికోడలు పై వాటాలో ఉంటారు, వాళ్ల వంట వేరు, కానీ పండగలకి, తద్దినాలకి పొయ్యి ఒకటే. నేను బ్యాంకులో పనిచేస్తాను, తోడికోడలిది స్కూలు ఉద్యోగం.

శ్రావణం దగ్గర పడుతోందంటే నాకు టెన్షన్ మొదలవుతుంది. పండగలు ఇష్టం లేక కాదు, నిజానికి ఈ ఇంటికి వచ్చాక నాకు బాగా నచ్చినవే అవి. కానీ శ్రావణ మంగళవారాలు, శుక్రవారాలు, వరలక్ష్మీ వ్రతం, వెంటనే వినాయక చవితి, ఆ తర్వాత మహాలయ పక్షాలు, ఆ పక్షాల ముందే మా తాతగారి తద్దినం, ఊపిరి తీసుకునేలోపు దసరా. ఈ మొత్తం పని మా అత్తయ్య ఒక్కరి నడుం మీద నడుస్తోంది. ఆవిడకి మోకాళ్లు అరిగిపోయాయి, కింద కూర్చోవద్దని, ఎక్కువసేపు నిలబడొద్దని డాక్టరు గట్టిగా చెప్పారు. అయినా తద్దినం రోజు తెల్లవారుజామున తలస్నానం చేసి తడిబట్టతో మడి కట్టుకుని పొయ్యి దగ్గర నిలబడితే మధ్యాహ్నం భోక్తలు (తద్దినం భోజనానికి పిలిచే బ్రాహ్మణులు) లేచేదాకా కూర్చోరు. సాయం చేస్తామంటే "మీకు ఆఫీసులు ఉన్నాయి, మడి కుదరదు, పక్కన ఉండండి చాలు" అంటారు. రాత్రి కాళ్లకి నూనె రాస్తుంటే మాత్రం ఆవిడ బాధ చూడలేం.

పోనీ కొన్ని తగ్గిద్దామని మా ఆయనతో అంటే "అమ్మ ఒప్పుకోదు, నువ్వే అడుగు" అంటారు. కోడలు అడిగితే దాని అర్థమే వేరేగా వెళ్తుంది కదా. మామయ్యకి తద్దినం మీద చాలా పట్టింపు, ఆయన కర్త కాబట్టి ఉపవాసం ఉండి శ్రద్ధగా చేస్తారు, కానీ వంటింటి వైపు ఏం జరుగుతోందో ఆయనకి తెలియదు.

మీ ఇళ్లల్లో ఎలా చేసుకుంటున్నారు? ఏది తగ్గించారు, ఏది అస్సలు వదల్లేదు, మగవాళ్లు ఏం చేస్తారు, ఉద్యోగాలు చేసే కోడళ్లు మడి సంగతి ఎలా చూసుకుంటున్నారు? దయచేసి "వేరు కాపురం పెట్టేయండి" అనొద్దు, మాకు ఆ ఆలోచన లేదు. పిల్లలు మామ్మగారి పక్కలో పడుకుంటేనే నిద్రపోతారు, ఆ ఇల్లు అలాగే ఉండాలని నా కోరిక.

కాకినాడ అత్తగారు:

అమ్మాయ్, నేను మీ అత్తగారి ఈడుదాన్ని, నాకూ ఇద్దరు కోడళ్లు, అందుకని ఆవిడ వైపు నుంచి చెప్తాను విను.

మా తరం ఆడవాళ్లకి ఇంట్లో మాట చెల్లే చోటు వంటిల్లు ఒక్కటే. డబ్బు సంగతి మగవాళ్లది, పెళ్లి సంబంధాలు పెద్దవాళ్లవి. పండగ నాడు ఎన్ని గారెలు వేయాలి, ఎవరికి ఏం వాయనం ఇవ్వాలి, అది మాత్రం మాది. అందుకని "అత్తయ్యా, మీరు రెస్ట్ తీసుకోండి" అని నువ్వు ప్రేమగా అన్నా ఆవిడ చెవికి అది "ఇక మీతో పని లేదు" అన్నట్టు వినిపిస్తుంది. పని మానమని అడగొద్దు. ఒక్క వంటకం మొత్తంగా నేర్పించమని అడుగు, మొదటి నుంచి చివరిదాకా ఒకటే వంటకం. సాయం అంటే కూరగాయలు తరిగి వెళ్లిపోవడం, దానివల్ల ఆవిడ భారం తగ్గదు, ఎందుకంటే అసలు బరువు చేతి పనిలో కన్నా అన్నీ గుర్తుపెట్టుకుని ముందూ వెనకా చూసుకోవడంలోనే ఉంటుంది.

మా ఇంట్లో మొదట అరిసెలతో మొదలైంది. అరిసెలకి బియ్యం ముందురోజు నానబెట్టాలి, నీళ్లు వంచి తడి ఆరకముందే పిండి పట్టించాలి, పిండి ఆరిపోతే అరిసె విరిగిపోతుంది. పాకం నీళ్లల్లో వేస్తే ఉండ కట్టాలి, అది ఒక్క నిమిషం దాటినా గట్టిపడిపోతాయి. ఇదంతా నేను నోటితో చెప్తే మా పెద్దకోడలికి అర్థమయ్యేది కాదు. అప్పుడు నా పక్కన పీట కాకుండా కుర్చీ వేసి నన్ను కూర్చోబెట్టింది, పొయ్యి దగ్గర తను నిలబడింది. పాకం చూపించు, చాలు అనేదాకా దించను అంది. ఆ సంక్రాంతి నుంచి అరిసెలు ఆ పిల్లవే. నేను ఇప్పుడు పాకం మాత్రమే చూస్తాను, చెక్కల మధ్య నూనె ఒత్తే పని మా చిన్నబ్బాయిది.

ఇంకోటి, మామ్మగారు ఉండగానే ఆవిడ కొలతలు రాసిపెట్టుకోండి. పెద్దవాళ్లు గిద్ద, సోల, తవ్వ, మానిక అంటారు. నాలుగు గిద్దలు సోల, రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక, ఆ లెక్క కాగితం మీద బాగానే ఉంటుంది, కానీ ఏ ఇంటి సోల ఆ ఇంటిది. అందుకని ఆవిడ వాడే గిన్నెతోనే కొలిపించి వెంటనే ఇంట్లో త్రాసు మీద తూచి గ్రాముల్లో రాసుకో. ఆవకాయకి ఆవపిండి, కారం, ఉప్పు ఆవిడ చేత్తో వేస్తుంటే తూకం వేసి, ముక్కలు ఎన్ని కిలోలో, పప్పునూనె ఎంతో కూడా రాయి. మూడో రోజు తిరగకలిపేటప్పుడు ఉప్పు ఎంత చేర్చారో అది కూడా. మా అత్తగారు పోయాక ఆవిడ మాగాయ మళ్లీ మా ఇంట్లో అలా కుదరలేదు, అది ఇప్పటికీ నాకు బాధే.

మడి సంగతి. ఉద్యోగాలున్న పిల్లలు రోజూ మడి కట్టుకోలేరు, అక్కర్లేదు కూడా. సంవత్సరంలో తద్దినం రోజుకి మాత్రం సెలవు పెట్టు. తిథి ప్రకారం కదా, కాబట్టి ఇంగ్లీషు తేదీ ప్రతి ఏడూ మారుతుంది, అధిక మాసం వస్తే మరీ ఆలస్యంగా వస్తుంది. 2023లో అధిక శ్రావణం వచ్చి వరలక్ష్మీ వ్రతం ఆగస్టు 25న పడింది, 2025లో ఆగస్టు 8నే వచ్చేసింది. ఉగాదికి కొత్త పంచాంగం రాగానే ఇంట్లో తద్దినాలు, వ్రతాలు అన్నీ చూసి గోడ క్యాలెండర్ మీద రాసేసుకోండి. సెలవులు ముందే అడగొచ్చు, ఎవరికి ఏ పనో ముందే తెలుస్తుంది.

హనుమకొండ అన్న:

చెల్లె, నాది తెలంగాణ, మా దిక్కు పద్ధతులు కొన్ని వేరు, కానీ కష్టం ఒక్కటే. మేం ముగ్గురం అన్నదమ్ములం, అమ్మ, బాపు, మా భార్యలు, పిల్లలు, అందరం ఒక్క గేటు లోపలే.

నీ ప్రశ్నలో మగవాళ్ల గురించి అడిగిన భాగానికి జవాబిస్తా. మామూలుగా అందరూ "మగవాళ్లకి మడి వంట రాదు" అంటారు. తద్దినాలకి, పెళ్లిళ్లకి డబ్బిచ్చి పిలిచే వంటవాళ్లలో ఎక్కువమంది ఎవరు? మగవాళ్లే కదా. మడితో వంద మందికి వండగలిగే మగవాళ్లు ఊరినిండా ఉన్నప్పుడు సొంత తండ్రి తద్దినానికి ఇంటి కొడుకు కంద, అరటికాయ తరగకూడదని, మినప్పప్పు రుబ్బకూడదని ఏ శాస్త్రంలో ఉంది? కర్తకి ఎలాగూ పూజ పని ఉంటుంది. మీ ఆయన, మీ మరిది స్నానం చేసి మడి కట్టుకుని వంటింట్లోకి వెళ్తే మీ అత్తమ్మ ఎందుకు కాదంటుంది? ముందు సిగ్గుపడుతుంది, తర్వాత అలవాటవుతుంది.

మా ఇంట్లో బతుకమ్మకి ఇదే చేశాం. ఎంగిలి పూల నాటి నుంచి సద్దుల దాకా తొమ్మిది రోజులు, మా అమ్మ, మా పెద్ద వదిన పొద్దున లేస్తే పూల దగ్గరే ఉండేవాళ్లు. ఇప్పుడు పూలు తేవడం పూర్తిగా మా అన్నదమ్ములది, పిల్లలది. తంగేడు, గునుగు కోసం తెల్లారకముందే ఊరి బయటికి పోతాం, గునుగు కొనలు కత్తిరించి రంగుల్లో అద్దడం పిల్లల పని. వాళ్లకి అది ఆటలాగా ఉంటుంది, కానీ ఏ పువ్వు తర్వాత ఏ పువ్వు పేర్చాలో అట్లనే నేర్చుకున్నారు. బతుకమ్మ పేర్చేది మాత్రం మా అమ్మే, తాంబాళం బల్ల మీద పెట్టి, తను కుర్చీలో కూర్చుని. సద్దుల రోజు పులిహోర, పెరుగన్నం, కొబ్బరన్నం, నువ్వుల సద్ది, అవి మా యారాండ్లు అంటే మా ఇంటి కోడళ్లు ముగ్గురూ పంచుకుంటారు, మలీద ముద్దలు మా తమ్ముడు చేస్తాడు, అతని చేతి మలీదే బాగుంటుందని మా బాపు కూడా ఒప్పుకున్నాడు.

తద్దినం గురించి ఇంకో మాట. భోక్తలని పిలిచి పూర్తి వంటతో పెట్టడం ఒక పద్ధతి. అది శరీరం సహకరించని ఏడు, ఇంట్లో ఎవరైనా ఆసుపత్రిలో ఉన్న ఏడు ఆమశ్రాద్ధం అని ఉంది, బియ్యం, పప్పు, కూరగాయలు, నెయ్యి వండకుండా ఇచ్చేది. హిరణ్యశ్రాద్ధం అని దక్షిణ రూపంలో పెట్టేది కూడా ఉంది. ఇవి ఈ కాలం వాళ్లు సౌకర్యం కోసం కనిపెట్టినవి కావు, ధర్మశాస్త్రాల్లో ఉన్నవే. మా దిక్కు పెత్తరమాస (మహాలయ అమావాస్య) నాడు పెద్దల పేరున సాయిత్యం, అంటే వండని సరుకులు, ఇచ్చేది దాదాపు ప్రతి ఇంట్లో చూస్తాం. మీ మామగారికి పట్టింపు ఉందంటున్నావు కాబట్టి కోడలిగా నువ్వు చెప్పకు. మీ పురోహితుడిగారితో మీ ఆయనని మాట్లాడమను, ఆయన నోటి నుంచి మీ మామగారికి వస్తే మాట నిలుస్తుంది.

గోదావరి తీరం:

నేను కొంచెం వేరేగా చెప్తాను, ఏమీ అనుకోవద్దు. తద్దినం జోలికి మాత్రం వెళ్లకండి. ఈ ఏడు వండకుండా ఇచ్చాం, వచ్చే ఏడు డబ్బు ఇచ్చాం, ఆ పై ఏడు గుళ్లో చీటీ రాయించాం అంటూ అలా జారిపోయిన ఇళ్లు నా చుట్టాల్లోనే చాలా చూశాను. ఏడాదికి ఒక్క రోజు ఆ మనిషి కోసం ఇల్లంతా ఆగుతుంది, మనవలు ఆయన పేరు, ఆయన తండ్రి పేరు, ఆయన తాత పేరు, గోత్రం చెవులారా వింటారు. మూడు తరాల పేర్లు పిల్లలకి ఇంకెక్కడ వినబడతాయి? తగ్గించాలనుకుంటే మిగతావి తగ్గించుకోండి. వ్రతానికి తొమ్మిది రకాలు చేసే చోట మూడు చేయండి, బంధువులకి భోజనాల బదులు పేరంటం, తాంబూలం చాలు. ఆ శుక్రవారం కుదరకపోతే శ్రావణంలో ఇంకో శుక్రవారం చేసుకోవచ్చు. తొమ్మిది ముళ్ల తోరం, కథ, దీపం, ఇవి ఉంటే వ్రతం అయినట్టే. వంటమనిషిని మాట్లాడుకోండి, ఖర్చు అన్నదమ్ములు పంచుకోండి, కానీ తద్దినం పూర్తిగానే పెట్టండి.

బెజవాడ కోడలు:

అందరికీ చాలా థాంక్స్ అండి. గోదావరి తీరం గారూ, మీరు చెప్పిన మూడు తరాల పేర్ల మాట నాకు బాగా తగిలింది. మా పెద్దవాడు పోయినసారి తద్దినం తర్వాత "తాతగారి తాతగారు ఏం చేసేవారు" అని అడిగితే మామ్మగారు సాయంత్రమంతా చెప్పారు, కృష్ణ వరదలు, ఊళ్లో పెంకుటిల్లు, ఆవిడ కాపురానికి వచ్చిన కొత్తలో అత్తగారి చేత తిన్న చీవాట్లు, అన్నీ. కాబట్టి తద్దినం పూర్తిగానే ఉంచాలనే నా ఉద్దేశం కూడా. అయితే వంటమనిషి అంటే అత్తయ్య ఒప్పుకోవడం కష్టం, "తాతగారికి పరాయి చేతి వంటా" అంటారు.

ఇంకో చిక్కు ఉంది, మొదట రాయలేదు. మా ఇద్దరు ఆడపడుచులూ తద్దినానికి వస్తారు, హైదరాబాద్ నుంచి ఒకరు, గుంటూరు నుంచి ఒకరు. మంచివాళ్లే, నాతో బాగుంటారు. కానీ పుట్టింటికి వచ్చిన ఆడపిల్ల పని చేయకూడదని మా అత్తయ్య నియమం. దాంతో ఆ రోజు ఇంట్లో మనుషులు పెరుగుతారు, చేతులు పెరగవు.

పుట్టింటి ఆడపడుచు:

ఈ ఆఖరి మాట చదివి రాయాలనిపించింది, ఎందుకంటే నేను ఆ ఆడపడుచునే. మీ ఇంటి ఆడపడుచుని కాదు, మా పుట్టింట్లో ఇద్దరు వదినలున్నారు, నేను వెళ్లేది నాన్నమ్మ తద్దినానికి, మా నాన్న ఆబ్దికానికి.

వకీలుగా పనిచేస్తాను కాబట్టి ఆ వైపు నుంచి చెప్తాను. ఉమ్మడి ఆస్తిలో ఆడపిల్లకి పుట్టుకతోనే హక్కు ఇచ్చిన మొదటి రాష్ట్రాల్లో మన ఆంధ్రప్రదేశ్ ఒకటి, 1986లో చేసిన సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి వర్తించింది, అప్పటికి పెళ్లి కాని కూతుళ్లకి. దేశమంతటికీ 2005 సవరణతో వచ్చింది, పెళ్లయిందా లేదా అన్న తేడా కూడా పోయింది. ఆ 2005 సవరణ అమల్లోకి వచ్చిన తేదీకి తండ్రి బతికి ఉండాలన్న షరతు లేదని సుప్రీంకోర్టు 2020లో తేల్చింది. అమ్మానాన్నల పోషణ కోసం 2007లో వచ్చిన చట్టంలో పిల్లలు అంటే కొడుకులతో పాటు కూతుళ్లు కూడా. అంటే చట్టం ఆస్తిలోనూ బాధ్యతలోనూ కొడుకునీ కూతురినీ పక్కపక్కనే నిలబెట్టింది. హక్కు తీసుకునే రోజున నేను ఆ ఇంటి పిల్లని, వంటింట్లో గరిటె పట్టుకునే రోజున చుట్టాన్ని అంటే నాకే మనసొప్పదు.

మా అమ్మకి కూడా మీ అత్తగారి నియమమే ఉండేది. నేను ఒక తద్దినానికి ముందు రోజు రాత్రే వెళ్లిపోయాను, పొద్దున్నే వదినతో పాటు స్నానం చేసి మడి కట్టుకుని నిలబడ్డాను. అమ్మ "నువ్వెందుకే" అంటే "మా నాన్నకి నేను వండకూడదా అమ్మా" అన్నాను. ఆ మాటకి ఆవిడ దగ్గర జవాబు లేకపోయింది, నాకు కూడా కళ్లల్లో నీళ్లొచ్చాయి. ఇంటిపేరు మారిన పిల్ల తద్దినం వంట చేయొచ్చా అన్నది కొన్ని ఇళ్లల్లో ఒప్పుకోరు, అది మీ పురోహితుడిగారినే అడగండి. వండకూడదన్నా పై పని బోలెడుంటుంది, విస్తళ్లు, వడ్డన సర్దడం, గిన్నెలు, పిల్లలకి వేరే భోజనం, పెద్దావిడని చూసుకోవడం.

మీ ఆడపడుచులకి ఒక్క ఫోన్ చేయండి. "వదినా, అత్తయ్య కాళ్లు ఇలా ఉన్నాయి, ఈసారి మీరు ముందు రోజే రాగలరా" అని మామూలుగా అడగండి. అమ్మ బాధ గురించి కూతురికి చెప్పడంలో తప్పేమీ లేదు. చాలాసార్లు వాళ్లకి తెలియదు, ఎందుకంటే వాళ్లు వచ్చేసరికి తల్లి నవ్వుతూ ఎదురొస్తుంది.

హనుమకొండ అన్న:

వకీలమ్మ చెప్పింది సరైన మాట. మా చెల్లెలు కూడా బతుకమ్మకి వస్తే ఒక రోజు సద్ది పూర్తిగా తనదే. అప్పటి నుంచి మా వదినలకి, తనకి మధ్య ముచ్చట్లు కూడా పెరిగాయి, ముందు మర్యాదగా పలకరించుకుని ఊరుకునేవాళ్లు.

బెజవాడ కోడలు:

రెండు రోజులు ఆగి రాస్తున్నాను, ఇంట్లో మాట్లాడాక రాద్దామని.

కాకినాడ అత్తగారు చెప్పినట్టు "మానేయండి" అనలేదు. ఆదివారం మధ్యాహ్నం మామ్మగారి దగ్గర కూర్చుని తద్దినం వంటలన్నీ వరుసగా చెప్పించుకుంటూ నోట్‌బుక్‌లో రాయడం మొదలుపెట్టాను. కాసేపటికి అత్తయ్యే వచ్చి కూర్చున్నారు, "నువ్వుల పచ్చడి అలా కాదు" అంటూ. అత్తాకోడళ్లిద్దరికీ చిన్న వాదన కూడా అయింది, మామ్మగారు బెల్లం ఎక్కువ అంటారు, అత్తయ్య తక్కువ అంటారు, నేను రెండూ రాసుకున్నాను. ఆ వేడిలోనే అత్తయ్య "గారెలు, పచ్చడి ఈసారి మీరిద్దరూ చూసుకోండి, నేను పులుసు, పరమాన్నం చూస్తాను" అన్నారు. నేను సెలవు పెడతానని, తోడికోడలు కూడా పెడుతుందని చెప్పాను. కుర్చీ విషయం ఇంకా తేలలేదు, పొయ్యి దగ్గర కూర్చుని వండటం మర్యాద కాదంటున్నారు.

మా ఆయన పురోహితుడిగారితో మాట్లాడారు. ఆయన చెప్పింది ఏమిటంటే కర్త తమ్ముళ్లు గానీ కొడుకులు గానీ శుచిగా ఉండి వంటకి సాయం చేయడానికి అభ్యంతరమే లేదని, ఆరోగ్యం బాగోకపోతే ఆమశ్రాద్ధం పెట్టుకోవచ్చని. మామయ్య ఆ రెండోది వద్దన్నారు, మొదటిదానికి మాత్రం కాసేపు ఆలోచించి "సరే, తరగడం, రుబ్బడం వాళ్లు చూడనీ" అన్నారు. మా మరిది కంద తరిగితే చేతులు దురద పెడతాయేమో అని ఇప్పుడే భయపడుతున్నాడు, చేతికి నూనె రాసుకుంటే సరిపోతుందని మామ్మగారు ధైర్యం చెప్పారు.

గుంటూరు వదిన ముందు రోజు రాత్రికి వస్తానన్నారు. హైదరాబాద్ వదినకి పిల్లల పరీక్షలట, ఆవిడ వరలక్ష్మీ వ్రతానికి వచ్చి ఆ రోజు పిండివంటలు తన బాధ్యత అన్నారు.

ఒక్కటి అడగాలి, తెలిసినవాళ్లు చెప్పండి. మినప్పప్పు రుబ్బడానికి మా ఇంట్లో తద్దినానికి రోలే వాడతారు, గ్రైండర్ వాడరు. మడి గ్రైండర్ అని విడిగా ఒకటి కొని కడిగి పక్కన పెట్టుకుని ఆ రోజుకి మాత్రమే వాడే ఇళ్లు ఉన్నాయా? ఉంటే అత్తయ్యకి చూపించడానికి ఇద్దరు ముగ్గురు రాస్తే చాలు.

కాకినాడ అత్తగారు:

మా ఇంట్లో ఉంది. చిన్నది కొన్నాం, తద్దినాలకి, మహానైవేద్యాలకి తప్ప తీయం, మిగతా రోజులు బట్ట కప్పి అటక మీద ఉంటుంది. మీ అత్తగారి నంబరు నాకు ప్రైవేట్‌గా పంపు, నేనే ఫోన్ చేసి మాట్లాడతాను.